పలకరాయి ధూళి

ముందు గాలి తీసెయ్.
అంత కసిగా కాదు, మెల్లగా బుసకొట్టి
దానంతట అది పోనీ.
గాలుండగానే బోల్టు విప్పబోయినవాడి ముందుపన్ను
ఈ షెడ్డు మూలలోనే వెతికాం ఒకసారి.

ఇప్పుడు అడుగు బోల్టులు. మూడు చుట్లు చాలు.
రబ్బరు సుత్తితో తట్టు,
బస్సు దిగాల్సినవాణ్ణి నిద్ర లేపినట్టు.
వదులైందా? లాగు.
ట్రే పెట్టు మాక్సెన్, ట్రే!

చూడు, ఏం కారుతోందో.
ఏప్రిల్లో నేను పోసినప్పుడు తేనె రంగు.
ఇప్పుడు మన కొండ రంగు.

బ్లైనైలో అన్నీ ఈ రంగే కదా,
కప్పులు, కంచెలు, బడి మెట్లు, సమాధులు.
వానకి ఊదా, ఎండకి బూడిద.
గనులు మూతపడ్డాక మిగిలిన రాతిపొట్టు గుట్టల మీద
మీ కుర్రాళ్ళు బాటలు గీసుకున్నారు.
శనివారమైతే లివర్‌పూల్ వ్యాన్లు,
కేకలు, విరిగిన మణికట్లు.
పోనీలే, గుట్టలకీ ఎవరో ఒకరు కావాలి.

ఈ రబ్బరు పెదవి చూశావా?
దీనికి ఒకటే పని.
కాలు లోపలికి వెళ్ళిన ప్రతిసారీ తుడిచి పంపడం.
గడప దగ్గర కాళ్ళు కడుక్కోమనే ముసలమ్మలా
విసుక్కోదు, వదిలిపెట్టదు.
నువ్వేమో కారు కడిగే పైపు తెచ్చి
సూటిగా దాని నోట్లోకి కొడతావు.
బకెట్టు లేదా మీ ఇంట్లో? గుడ్డ లేదా?

దాని వెనక స్పాంజి ఉంగరం. పిండు.
ఇంకా. ఇంకా.
నలుపు ఆగేదాకా.

ఇప్పుడు కళ్ళు మూసుకుని
వెండి కాలు మీద గోరు దించు, పైనుంచి కిందికి.
ఆగిందా? అక్కడే.
గోటితో తెలిసినప్పుడే చూసుకోవాలి,
గొడ్డలి దాకా తెచ్చుకోకూడదు.
ఆ సొరుగులో నా గోళ్ళరంగు ఉంది.
ఎరుపే ఉంది, నవ్వకు.
ఒక్క చుక్క. ఆరాక సన్న గరుకుకాగితం తడిపి రుద్దు.
గోరు జారిపోతే చాలు,
అందం సంగతి ఎవడడిగాడు?

మా నాన్న ఇద్వాల్ పలకలు చీల్చేవాడు.
రాయి అంచున ఉలి ఆనించి ఒక్క దెబ్బ వేస్తే
పుస్తకం తెరుచుకున్నట్టు విడిపోయేదట.
ఎంత పల్చగా చీలిస్తే అంత పేరు.
తెరిచిన ప్రతి పేజీ లోంచీ
కాస్త పొడి లేచేది.

ఆ షెడ్డులో ఎవరికీ
ఇలాంటి పెదవి లేదు, ఇలాంటి స్పాంజి లేదు.
యాభై గంటలకోసారి విప్పి కడగమని
ఏ కాగితం మీదా రాసి లేదు.
ఆఖరి చలికాలం మేడమీద గదిలో
ఆయన ఊపిరి కిందికి వినపడేది,
నూనె ఎండిన ఫోర్క్ లా,
దిగేటప్పుడు ఒక గీర, లేచేటప్పుడు ఒక గీర.
పరిహారం కాగితాలు పోర్త్‌మదోగ్ నుంచి వచ్చేసరికి
ఆ చప్పుడు లేదు.

అందుకే నిన్న నువ్వు బేకరీ మలుపు తిరగకముందే
నీ బండి నాకు వినపడింది.

సరే. సిరంజి అందుకో.
ఒక్కో కాలికి పది మిల్లీలీటర్లు. ఉదారంగా పోయకు,
ఎక్కువైతే అదీ తంటాయే.
బోల్టు బిగించు, రెంచి 'టిక్' అనగానే ఆపు.
గాలి నీ బరువుకి కొట్టుకో, మీ అన్న బరువుకి కాదు.

పదిహేను పౌండ్లు. లేవా?
పన్నెండు, శుక్రవారం వచ్చి షెడ్డు ఊడువు.
రాత్రికి బండిని తలకిందులుగా వేలాడదీయి,
స్పాంజి తాగాల్సినంత తాగుతుంది.
ఇంకోటి. రేపు మూడో గుట్ట పొడిగా ఉంటే
ముక్కుకి రుమాలు కట్టుకో.

"బ్లైనైలో పొడిగానా?" అని నవ్వుతాడు వెధవ.
బయట సన్నగా మొదలైంది కూడా.

ముందు బ్రేకు పట్టి
ఒకసారి ఒళ్ళంతా వేసి నొక్కాడు.
నేను చెవి ఒగ్గి విన్నాను.
దిగింది, లేచింది.
కప్పు మీద వాన తప్ప
ఏమీ వినపడలేదు.