ఫైలు పేరు: సదానందం

మా ఫోటోల డబ్బాల ఇద్దరు సదానందాలుండేటోళ్లు.
ఇద్దరికీ ముందట కె అనే అక్షరమే.
ఇంటిపేరు పూర్తిగ కొట్టే తీరిక డెస్కుల ఎవలకూ లేదు,
అందుకని ఒకటి, రెండు అని పెట్టుకున్నం.
ఎవరు ఒకటో ఎవరు రెండో
నైటు షిఫ్టు మారినప్పుడల్లా మారేది.

కేశబోయిన సదానందం
గండిచెరువుల పడ్డోళ్లను తీసేటాయన.
పానముంటే జుట్టు పట్టి గుంజేటోడు.
లేకుంటే నడుం కింద చెయ్యి పెట్టి, మెల్లగ,
నిద్రపోయిన పిల్లను
ఇంకో మంచం మీదికి మార్చినట్టు.

కుందారపు సదానందం కార్పొరేటర్.
ఆయనా చెరువు మనిషే.
రాత్రంతా టిప్పర్లు, తెల్లారంగ సున్నపు గీతలు,
మాపటికల్లా రాళ్లు పాతి
లేక్ వ్యూ కాలనీ, రెండో ఫేజు.

చౌరస్తాల చాయ్ పోసే జాఫర్ అన్నడొకపారి:
"ఒకడేమో చెరువుల నుంచి మనిషిని తీస్తడు,
ఇంకోడు మనిషి కోసమని చెరువునే తీస్తడు."
మంచి మాటే.
హెడ్డింగుకు పొడుగైంది.

అట్లని మొదటాయన దేవుడేం కాదు.
హుజురాబాద్ దిక్కు నుంచి వచ్చినోళ్ల కాడ
కొడుకు శవానికి ఐదువేలు అడిగిండని లొల్లి లేసింది.
నేనే ఫోన్ చేసి అడిగిన.
"తీసుకున్న," అన్నడు.
"మాఘమాసం, నాలుగు గంటలు నీళ్లల్ల ఉన్న.
మూడొందలు మందుకు వోయినయ్.
మిగిలినయి ఏడవోయినయో యాదికి లేదు, రాసుకో."
రాసిన.

ఆ ఏడు వాన ఆగలేదు.
సుబేదారి కింది గల్లీలల్ల పడవలు దిగినయి.
ఫ్రిజ్జు మీద కూసున్న ముసలమ్మ
మొదటి పేజీల అచ్చయింది.
లోపలి పేజీ నాది.
రాత్రి ఒకటిన్నర. కరెంటు వస్తుంది, పోతుంది.
"చెరువును మింగిన సదానందం"
కింద ఫోటో పెట్టమన్నరు.
పెట్టిన.

తెల్లారి చూస్తే
తడి జుట్టు, మెడల తువ్వాల,
ఎండకు సగం మూసిన కండ్లు.
కల్లు కాంపౌండుల ఎవడో ఆయన మీద ఉమ్మిండట.
చిన్నబిడ్డ మూడు రోజులు బడికి పోలేదట.
సవరణ వేసినం, రెండు లైన్లు,
పోయిన పదో తరగతి మెమోల ప్రకటనల పక్కన
చీమ తలకాయంత అక్షరాలల్ల.

తర్వాతి వారం ఆఫీసుకొచ్చిండు.
మెట్ల కాడ్నే చెప్పులు ఇడిసిండు.
తిడతడని నీళ్ల గ్లాసు అందుకున్న.
"ఫోటో మంచిగొచ్చింది సారు," అన్నడు,
"ఒక కాపీ ఇస్తవా?
ఇంట్ల నాదొక్కటి లేదు."

పంద్రాగస్టు నాడు పరేడ్ గ్రౌండుల
పానాలు కాపాడినందుకు మెడలు అని
మైకుల పిలిచిన్రు, "కె. సదానందం."
ముందు వరుసల కార్పొరేటర్ లేసిండు.
అందరు చప్పట్లు కొట్టిన్రు.
నేనూ కొట్టిన, చేతిల నోట్‌బుక్కు ఉంది కాబట్టి
చిన్నగ.
అది మా తప్పు కాదు కాబట్టి
సవరణ వెయ్యలేదు.

మొన్న పొద్దుగాల ఫోన్ మోగింది.
"సదానందం పోయిండు."
బాధ పడకముందే నోరు అడిగింది:
ఏ సదానందం?
ఎవరి పేరు వినాలని ఉండెనో
ఆ అర నిమిషం నాకు తెలుసు. చెప్పను.

నీళ్లల్ల కాదు, పసిరికలతోని,
ఎంజీఎంల, పద్నాలుగో మంచం.

పది గంటలకు కార్పొరేటర్ పీఏ:
"ఇంటిపేరు పెద్దగ వెయ్యండన్నా,
మా సార్ ఇంటికి దండలు పట్టుకొని వస్తున్నరు."
వేసిన. కేశబోయిన అని, పూర్తిగ,
ఇన్నేండ్లల్ల మొదటిసారి.

ఫోటో కోసం డబ్బా అంత ఎతికితే
తడి జుట్టుది ఒక్కటే దొరికింది,
"కబ్జా" అనే ఫోల్డర్ల,
అడుగున.
అందులకెల్లి తీసిన,
మెల్లగ.