గేటు సిద్ధాంతం

భీములవారిపాలెం చెక్‌పోస్టులో
రాత్రి డ్యూటీ గుమాస్తా చెంగయ్య
సరుకు రిజిస్టరు వెనక పేజీల్లో రాసుకున్నాడు దాన్ని.
నాకది పొల్లుపోకుండా తెలుసు,
టీ ఫ్లాస్కు మోసేదాన్ని నేనే గనక.

"ఇదిగో మే, కథలన్నీ కంచికి పోతాయంటారు గదా.
బొబ్బిల్లో బయల్దేరినా బోధన్‌లో బయల్దేరినా
మన గేటు దాటాల్సిందే.
చిత్తూరు మీద పోయేవి దొంగసరుకు,
వాటి లెక్క నాకొద్దు."
ఇది మొదటి పేజీ.

రెండో పేజీలో తారురోడ్డు బొమ్మ.
కాలం రోడ్డు లాంటిదట, ఎండకు మెత్తబడుతుందట.
ఓవర్‌లోడు కథ ఒకటి దాని మీద పోతే
చక్రాల గాడి పడి
వెనక వచ్చే రోజులన్నీ ఆ గాడిలోనే నడవాలట,
వాననీళ్లతో సహా.
"అందుకే మన ఊళ్లో మంగళవారాలు
ఒక పక్కకి ఒరిగుంటాయి."
నేను నవ్వితే
కళ్లజోడు తీసి తుడుచుకునేవాడు.

నెల్లూరు టౌన్‌హాల్లో సాహిత్య సభ వాళ్లు
ఆయనకి ఐదు నిమిషాలిచ్చి
మూడో నిమిషానికే గంట కొట్టారు.
ఆఖరి బస్సు దిగి నాతో అన్నాడు:
"రెండు నిమిషాలు బాకీ ఉండారు మే వాళ్లు.
రాసిపెట్టుకున్నా."

మూడో పేజీలో రెండే వాక్యాలు.
వచ్చాడు అంటే అయిపోయింది.
వచ్చాడట అంటే ఇంకా దారిలో ఉన్నాడు.

కార్తీకంలో, గాలి తిరిగిన రాత్రి
మా అన్న ఏకాంబరం పడవ
ఇరకం దీవి నుంచి రాలేదు.
అమ్మ లాంతరు పట్టుకుని
రేవులో మోకాటి లోతుకి దిగిపోయింది.
నేను గేటుకి పరిగెత్తాను.
ఎందుకో తెలీదు. చేతిలో ఫ్లాస్కు కూడా లేదు.

చెంగయ్య గేటు దించేశాడు.
స్టాంపు డబ్బా మూసి, బల్లెక్కించి,
"ఊ కొట్టు. ఆపబాక.
మిగతాది నేను చూసుకుంటా" అన్నాడు.

ఏకాంబరం గెడ వేశాడట.
ఊ.
పులికాట్ బురద గెడని పట్టుకుందట.
ఊ.
వాడు తిట్టాడట, ఏం తిట్టాడో చెప్పను, చిన్నపిల్లవి.
ఊ.
అడుగున చిల్లి పడితే
చొక్కా విప్పి కుక్కాడట.
ఊ.
దూరంగా లాంతరు కనపడిందట, దాని కింద
కోక తడిసిన మనిషి...
ఊ, ఊ.

బయట గూడూరు నిమ్మకాయల లారీవాళ్లు
హారన్లు కొట్టి కొట్టి, దిగొచ్చి,
వాకిట్లో గొంతుక్కూర్చుని
వాళ్లూ ఊ కొట్టారు.
ఒకడికి తెలుగు రాదు.
వాడిదే అందరికంటే పెద్ద గొంతు.

గెడకి గట్టి నేల తగిలిందట.

నాకు తొమ్మిదేళ్లు.
నిద్రొచ్చింది.

లేచేసరికి ఎండ. గేటు ఎత్తేసుంది.
పడవ వచ్చింది.
చిల్లిలో చొక్కా కుక్కే ఉంది.

చెంగయ్య ఆ కథ మళ్లీ ఎత్తలేదు.
ఒక్కసారి మాత్రం, నేను పెద్దమనిషినయ్యాక,
టీ గ్లాసు కిందపెడుతూ
"దాన్ని నేను కంచికి పోనియ్యలేదు మే" అన్నాడు.

ఇప్పుడు చెక్‌పోస్టు లేదు. లారీలు ఆగకుండా పోతాయి,
కథలు కూడా పోతుంటాయనుకుంటా
చీటీ లేకుండా, ఎవరూ ఏమీ అడక్కుండా.
పాత పేపర్ల వాడి దగ్గర
కిలో లెక్కన కొన్నాను ఆ రిజిస్టరు.

ఆ రాత్రి పేజీ:
నిమ్మకాయల లారీ.
వచ్చింది నాలుగూ పదికి.
పోయింది మూడూ యాభైకి.
ఆడిటరు ఎర్రసిరాతో సున్నా చుట్టి
'సంజాయిషీ?' అని రాశాడు.
దాని కింద చెంగయ్య కోలక్షరాలు:
'ఇరవై నిమిషాలు మిగులు.
సొంతదారు వస్తే ఇవ్వబడును.'

రేవు నుంచి చూస్తే
ఇరకం దీవి దీపాలు కనిపిస్తాయి.
మధ్యలో నీళ్లు, ఆ నీళ్లలో
ఎవరో గెడ వేస్తున్న చప్పుడు
ఉంటుందట.

ఊ.

నాకిప్పుడు యాభై దాటాయి.
నిద్ర తక్కువ.