మూడో పేరా

నా కంప్యూటర్లో రెండు పేరాలు ఎప్పుడూ సిద్ధంగా ఉంటాయి.
ఒకటి "దర్యాప్తు చాలావరకు పూర్తయినందున" అని మొదలవుతుంది,
రెండోది "ఆరోపణల తీవ్రత దృష్ట్యా" అని.
పంతొమ్మిదేళ్లుగా నాంపల్లి కోర్టులో స్టెనోని.
మేడమ్ కళ్లజోడు తీసి బల్లమీద పెడితే మొదటిది,
తీయకుండా ఫైలు పక్కకి జరిపితే రెండోది.
నోరు విప్పకముందే నా వేళ్లకి తెలిసిపోతుంది.

దీన్ని విచక్షణ అంటారు.
మా నాన్న మోండా మార్కెట్లో ఉల్లిగడ్డలు తూచేవాడు.
ముల్లు మధ్యకొచ్చాక ఇంకో గడ్డ వేసేవాడు.
ఎందుకే అంటే
"రాయి అరిగి ఉంటది గద బిడ్డా" అనేవాడు.

శుక్రవారం పొద్దున ముందు ఒక కారు కేసు.
రోడ్డు దాటుతున్న మనిషికి రెండు కాళ్లూ విరిగాయి.
నిందితుడికి బంజారాహిల్స్‌లో ఇల్లు, పెద్ద లాయరు, పాస్‌పోర్టు.
స్థిర నివాసం ఉంది కాబట్టి పారిపోడు.
మొదటి పేరా.

తర్వాత కావలి శివరాజు.
మెట్రో పిల్లరు కింద కోసిన రాగి తీగ, మూడు కిలోలు.
చంచల్‌గూడలో నలభై ఒక్క రోజులు.
చిరునామా గడిలో పోలీసులు రాసింది:
మలక్‌పేట రైలు వంతెన దగ్గర.
బెయిలిస్తే పారిపోతాడన్నాడు పీపీ.
నా వేళ్లు రెండో పేరా మీదకి వెళ్లాయి.

మేడమ్ కళ్లజోడు తీయలేదు. ఫైలూ జరపలేదు.
"ఇతని తాలూకు ఎవరైనా వచ్చారా?"
వెనక నుంచి ఒకామె లేచింది, అక్కట.
రోడ్లూడ్చే కోటు ఇంకా ఒంటిమీదే ఉంది.
"యాడికి పోతడమ్మా,
పోవాలన్నా బస్సు పైసలు నన్నే అడగాలె."
హాల్లో ఎవరో నవ్వారు.
మేడమ్ నవ్వలేదు. చాలాసేపు ఏమీ అనలేదు.
ఫ్యాను చప్పుడు నేను అంత స్పష్టంగా ఎప్పుడూ వినలేదు.

అప్పుడు నా దగ్గర లేని వాక్యాలు చెప్పసాగారు:
జామీనుదారులు అక్కర్లేదు, సొంత పూచీకత్తు చాలు,
ప్రతి సోమవారం ఠాణాలో సంతకం.
"సంతకం రాదు మేడమ్" అన్నాడు లాయరు కుర్రాడు.
"అయితే వేలిముద్ర. అదీ రాయండి."

అలవాటు లేని పేరా కదా, తడబడ్డాను.
శివరాజు అని ఉండాల్సిన చోట
శివరాజ్ అని కొట్టాను.
కొమ్ము ఒక్కటి తగ్గింది.
జైలు గేటు దగ్గర కాగితం తిరిగొచ్చింది.
శనివారం సెలవు. ఆదివారం ఎలాగూ సెలవే.

సోమవారం ఆమె నా బల్ల ముందు నిలబడింది.
"ఒక్క అచ్చరమే గద సారూ" అంది.
కోపంగా కూడా కాదు.

సరిచేశాను. రెండు నిమిషాల పని.
ఆ మూడు రాత్రులకి మాత్రం
ఏ సెక్షన్ కింద ఎవరు నిందితుడో
మేడమ్‌ని అడగలేదు.

సాయంత్రం అందరూ వెళ్లాక
ఆ పేరాని మూడోదిగా దాచుకున్నాను.
పేరు ఉండాల్సిన చోట
ఖాళీ వదిలాను.