నూట అరవై ఎనిమిది

హల్ ఊళ్ళో, హెసిల్ రోడ్డు మీద
డ్రైక్లీనింగు కొట్టు వెనక గదిలో రఫ్ఫు చేసేదాన్ని.
కోట్లన్నీ చేపల వాసన.
ఒక అక్టోబరులో ఒకావిడ వచ్చి
నేను బాగుచేసిన జేబుని కిటికీ వెలుతురుకి పట్టి
అతుకు కోసం వెతికింది.
దొరకలేదు.
"సినిమా కోస్తావా?" అంది.

రాగ్నా క్వాల్‌నెస్. నార్వే మనిషి.
పంతొమ్మిదో ఏట ఓస్లోలో నెగెటివు అతికించే పనికి చేరి
పధ్నాలుగేళ్ళు ఎవరెవరివో సినిమాలు కోసిందట.
"వాళ్ళ తప్పులు నా బుట్టలో, వాళ్ళ పేర్లు తెర మీద"
అని నవ్వేది, సిగరెట్టు అంటించకుండానే కొరుకుతూ.
తర్వాత తనే తీయడం మొదలెట్టింది. ఇది మూడోది.
తిరిగి రాని పడవ మీద.
కాదు, పడవ మీద కాదు,
అది ఇక రాదని వీధికి తెలిసిన పొద్దుటి మీద.

రేవు పక్కన ఐసు ఫ్యాక్టరీ, దాని మేడ మీద మా గది.
మేకులకి వేలాడే ఫిల్ము ముక్కలు
కింద గుడ్డసంచీలోకి జారుతుండేవి.
తెల్ల చేతొడుగులు నాకు వదులైతే
ఇంటికి పట్టుకెళ్ళి కుట్లు బిగించుకున్నాను.
మైనపు పెన్సిలుతో ఆవిడ గీత గీస్తే
నేను కోసేదాన్ని.

"మాట అయిపోగానే కోయకు వరాలూ,
అయిపోయిందని ఆ మనిషికి తెలిసేదాకా ఆగు."

ఆ వీధిలో ఒక పట్టింపు ఉంది:
మగవాడు పడవెక్కిన రోజు బట్టలు ఉతకరు.
ఉతికితే మనిషి కొట్టుకుపోతాడని.
నోరా బ్లెంకిన్ ఉతకలేదు. అయినా పోయాడు.
వారం తర్వాత ఆమె అతని చొక్కా తెచ్చి
తొట్టిలో ముంచింది.
నాలుగు సెకన్లు.
మళ్ళీ పైకి తీసింది. ఒక చెయ్యే తడిసింది.
పొడి చేతిని మడిచి, చంకలో పెట్టుకుని
అలాగే నిలబడింది.
ఇంకో ఏడు.

లండన్ వాళ్ళు వచ్చారు, మంచి బూట్లతో.
నాలుగు చాలన్నారు.
ఉతికేసింది, ఒప్పుకుంది, జనానికి అర్థమవుతుందన్నారు.
"ఆవిడ ఒప్పుకోలేదు కదా" అన్నాను నేను.
రఫ్ఫు మనిషి మాట, ఎవరు వింటారు?
రాగ్నా పది రోజులు పోట్లాడింది. ఫోన్లో, ఉత్తరాల్లో,
ఒకసారి మెట్ల మీద, నాకు తెలియని భాషలో.
పదకొండో రోజు గీత తనే గీసింది.
పెన్సిలు నాకివ్వలేదు, కత్తెరా ఇవ్వలేదు.

ఆ సినిమాకి బహుమతి వచ్చింది.
మళ్ళీ ఆవిడ సినిమా తీయలేదు.
"ఇక రాసుకుంటాను, కాగితానికి లండన్ ఉండదు" అని
ఒక కార్డు, వెనక మంచు.
రాయడానికీ ఉంటుందని తర్వాత తెలిసిందేమో,
తొమ్మిదేళ్ళకి ఒకే పుస్తకం, సన్నగా.
నాకు ఆ భాష రాదు.
పేజీలు తిప్పితే వాసన మాత్రం ఆ గదిదే అనిపించింది.
నా ముక్కుని నేను నమ్మను.

ఏడు సెకన్లు, సెకనుకి ఇరవై నాలుగు.
గజమున్నరకి నాలుగంగుళాలు తక్కువ,
రవికె గుడ్డంత.
బిస్కెట్ల డబ్బాలో, బొత్తాల కింద దాచాను.
అడగలేదు, ఆవిడా ఇవ్వలేదు;
సంచీ దులిపేటప్పుడు మాత్రం
నా వంకే చూస్తూ తల తిప్పుకుంది.

కళ్ళద్దాలు మారాయి మూడుసార్లు.
ఎండ పడ్డ రోజు, ఇక్కడ అది అరుదే,
కిటికీకి పట్టి లెక్కపెడతాను.
మూడో బొమ్మలో చొక్కా ఇంకా నీళ్ళలోకే దిగుతోంది.
నాలుగో దాంట్లో పైకి వస్తోంది.
ఆమె మనసు మార్చుకున్న క్షణం ఈ రెంటి మధ్యా ఉండాలి.
అక్కడ నల్లటి సన్నని గీత.
సూది మొన కూడా దూరదు.

మళ్ళీ మొదటినుంచి లెక్కపెడతాను.