ఫ్రీ

సిరొంచ బస్టాండు వెనక, చేపల సంత దాటినంక మా కిరాణం.
బోర్డు మరాఠీల, బేరం తెలుగుల.
ఉద్దెర మాత్రం
ఏ భాషల రాసినా పెరుగుతనే ఉంటది.

దీపాలు పెట్టే యాళ్లకు వచ్చింది మదునక్క,
అంకిసా కాడ పత్తి ఏరి,
నడుముకు కట్టిన ఒడి ఇంకా ఇప్పకనే.
వేళ్ల కొసలకు కాయ మొనలు గీరిన గీతలు.
నూనె పాకెటు నా ముందల పెట్టి
"సదువు" అన్నది.

చదివిన.
ఆకుపచ్చ గడిల ఆకుపచ్చ చుక్క, మాంసం లేదని.
విటమిన్ ఏ, విటమిన్ డీ.
ఎండ తగలని చోట పెట్టుమని.
సర్కీ తేల్.

"సర్కీ అంటే?"
పత్తిగింజ అక్కా. నువ్వు ఏరే దాంట్లదే.

పాకెటు ఎత్తి బల్బుకు అడ్డం పట్టింది,
గుడ్డు మంచిదో మురిగిందో చూసినట్టు.
"మా చేన్ల గింజ పురుగును సంపే గింజ.
డబ్బ మీద పురుగు బొమ్మేసి,
దానిమీద ఎర్రగ ఇంటూ కొట్టి మరీ అమ్మిండ్రు.
అమ్మేటప్పుడు గంత పెద్దగ చెప్పినోళ్లు
తినేటప్పుడు ఎందుకు చెప్పరు?"

మళ్ల చదివిన.
అడుగున అతుకు మడతల దాగిన చీమ అక్షరాలు గూడ.
ఉన్నదని లేదు.
లేదని లేదు.

మొన్న పంచాయతీ కాడ మీటింగుల
కృషి సాయబు అన్నది యాదికొచ్చింది:
నూనెల ఆ గుణం దిగదట అక్కా,
చెక్కలనే ఉండిపోతదట.
"చెక్క ఎవలు తింటరు?"
బర్రె.
"బర్రె పాలు ఎవలు తాగుతరు?"
నేను తక్కెడ తుడుస్తున్నట్టు తల వంచుకున్న.

అంతట్ల ఆమె కన్ను ఉప్పు పాకెటు మీద పడ్డది.
మదునక్కకు వచ్చిన ఇంగ్లీషు అక్షరాలు ఒక్క మాటవే,
సబ్బుపొడి బకెట్లు నేర్పిన మాట.
"ఇగో, ఫ్రీ అని ఉన్నది. ఏమిస్తరు? గిలాసా, చెంచానా?"

జీఎంఓ ఫ్రీ అని అక్కా.
గింజల గుణం మార్చింది ఇందుల లేదని.

కొంచెంసేపు ఆమె ఏమనలే.
తర్వాత నవ్వింది, ఒడిలున్న దూది ఊగెటట్టు.
"ఉప్పుకు గింజెక్కడిది బిడ్డా?
గింజ లేనిదానికి సాక్ష్యం చెప్తరు,
గింజ ఉన్నదానికి నోరు కుట్టుకుంటరు!"

బేరాలు రెండు పోయినయి. అయినా ఆమె కదలలే.
పత్తి డబ్బల వేరే పొట్లమొకటి వస్తదని చెప్పింది.
మందు గుణం లేని మామూలు గింజ.
చేను చుట్టూ అంచు సాళ్లల్ల పెట్టుమని,
కొన్ని పురుగులు అక్కడ తిని బతకాలెనని,
లేకుంటె దేనికీ సావని మొండి జాతే మిగులుతదని.
"మా ఆసామి ఆ పొట్లం గట్టు మీద పారేస్తడు.
ఏరుకొచ్చి దడి పొంటి పెట్టుకున్న.
పురుగు తిన్నంత తిన్నది.
మిగిలినయి వత్తులకు సరిపోయినయి."

ఆ మాటకు నేను నది దిక్కు చూసిన, ఎందుకో.
అవతలి గట్టున కాళేశ్వరం లైట్లు.
నాకు తెలుగు అక్షరాలు
అటునుంచి వచ్చే బస్సు బోర్డులే నేర్పినయి.
ఇటు బడిల అడిగితే తెలుగోనివంటరు,
అటు ఆఫీసుల అడిగితే మహారాష్ట్రోనివంటరు.
నా మీద ఏం రాసున్నదో
నేను గూడ పూరాగ చదవలే ఎన్నడు.

"ఇయ్యి మరి" అన్నది ఆఖరికి.
"వంకాయలు కోసిపెట్టి వచ్చిన, నల్లబడతయి."
పదకొండు రూపాలు తక్కువ పడ్డయి.

ఖాతాల రాసుకున్న:
మదునక్క, పత్తిగింజ నూనె, అరలీటరు.
దానికింద ఒక గీత ఖాళీగ ఇడిసిపెట్టిన.

పొద్దుగాల మా నాయిన చూసి గదమాయించిండు,
కాయిదం దండుగ చేస్తున్నవారా అని.

అంచు సాలు, అన్న.