నాలుగంకెల ఉత్తరం

ఎండెల్ వాహెర్ హీయుమా దీవి దాటి ఎక్కడికీ వెళ్లలేదు.
సరిహద్దు దీవి. పడవెక్కాలంటే పర్మిట్.
రాత్రి ఎవరి పాదాలు పడ్డాయో పొద్దున్న తెలియాలని
సైనికులు ఒడ్డున ఇసుకంతా గొర్రుతో దున్నేవాళ్లు.

అయినా ఆయన గుర్రం రొసారియోలో నీళ్లు తాగింది,
ఆయన ఏనుగు ట్రోమ్సోలో మంచు తొక్కింది.
మోసింది నేను,
నీలం సైకిలు మీద, తోలు సంచిలో,
కార్డుకి ఒక్క ఎత్తు చొప్పున.

కార్డు మీద మాటలుండవు. 5254.
ఐదో నిలువు వరసలో రెండో గడి నుంచి
నాలుగో గడికి బంటు. అంతే.
ఒకరి భాష ఒకరికి రాని వాళ్లు
ఏళ్ల తరబడి పోట్లాడుకోడానికి చేసుకున్న ఏర్పాటు.

కెప్టెన్ జూబొవ్‌కి ఇది మింగుడు పడలేదు.
రెండు నెలలు కార్డులన్నీ బీరువాలో పెట్టి తాళం వేశాడు.
టాలిన్ నుంచి దిగిన నిపుణుడు
ఒక రాత్రంతా అంకెలు చూసి అన్నాడట:
"రహస్యం ఉంది. ఈ మనిషి శకటుని ఇంకా కదపలేదు, ఎందుకో."
తర్వాత కార్డులు నిలవకుండా వచ్చాయి.
ఒకదాని అంచున మాత్రం పెన్సిలుతో చిన్న ప్రశ్నార్థకం.
చదరంగంలో దానికి తప్పు ఎత్తు అని అర్థం.
ఎండెల్ ఆ వారమంతా నవ్వాడు.

పగలు చేపల ఫ్యాక్టరీలో తూకం గుమాస్తా.
సాయంత్రం ఇంట్లో, దోసకాయ ఊరగాయ సీసాల పక్కన,
గోడకి కొట్టిన పద్నాలుగు బల్లలు.
సల్మె కోడి ఈకతో దుమ్ము దులిపేది,
ఒక్క బంటు కూడా అంగుళం జరగకుండా.
ఒక్క టోర్నమెంటు ఆరేళ్లు నడిచింది.
ఆ ఆరేళ్లలో నాకు రెండు పళ్లు ఊడాయి,
నేను చదరంగం నేర్చుకున్నాను.

తప్పు చేశానని ఇప్పుడు చెబుతున్నాను.
నేర్చుకున్నవాళ్లు ఊరుకోరు కదా.
ఒక ఫిబ్రవరిలో ఆయన కార్డు చదివి గుండె జారింది:
ఏనుగుని ఊరికే ఇచ్చేస్తున్నాడు.
సైకిలు వెనక్కి తిప్పాను.
"స్టాంపు సరిగా అంటలేదు," అన్నాను.
ఆయన స్టాంపుని గోటితో గీకి చూశాడు,
నన్ను చూశాడు.
"బాగానే అంటింది, హెల్మి. పంపెయ్."

పదకొండు ఎత్తుల తర్వాత గానీ
ఆ ఏనుగు ఎర అని నాకు తెలీలేదు.
అప్పటికి వేసవి వచ్చింది.

రొసారియో ఆయన పేరు ఓస్వాల్దో బెరూటి.
చివరి కార్డులో రెండు వరసలు:
నువ్వు 4147 ఆడితే, నేను ఆట వదులుకుంటాను.
కింద వేరే చేతిరాత, వంకరగా:
మా ఆయన మంగళవారం పోయారు. ఇది బల్ల మీద ఉంది.
ఎండెల్ రెండు రోజులు పనికి వెళ్లలేదు.
డ్రాకి ఒప్పుకోమంది సల్మె.
"ఆయన చూసిన ఎత్తు అది. ఆడకపోతే
ఆయనకి కళ్లు లేవన్నట్టు అవుతుంది."
4147 నా చేతికే ఇచ్చాడు.

ఆ గెలుపుతోనే గ్రాండ్‌మాస్టర్ పట్టా వచ్చింది.
పెట్టె సన్నం, మడిచి తోశాను.
మడత పోవడానికి చేపల తూకం రాళ్లు పెట్టాడు దాని మీద.
పత్రికలో మూడు లైన్లు, పేరు తప్పు.
"దీనికి జీతం పెరుగుతుందా?" అన్నాడు ఫోర్‌మన్.
పెరగలేదు.

మొన్న అక్టోబరులో ఎండెల్‌ని పూడ్చాం.
తొమ్మిదో రోజున ట్రోమ్సో నుంచి కార్డు: 6364.
మంచి ఎత్తు. నేనైతే భయపడేదాన్ని.
పింఛను తీసుకుంటున్న నేను ఆ రాత్రి
వంటింట్లో బల్ల వేసుకుని తెల్లారేదాకా కూర్చున్నాను.
జవాబు దొరికింది కూడా.
కానీ అది ఆయన ఎత్తు కాదు.

మనిషి పోయాడని చెప్పడానికి నాలుగంకెలు లేవు.
మా భాషలోనే రాశాను, వాళ్లకి అర్థం కాదని తెలిసీ.
స్టాంపు మాత్రం రెండుసార్లు తడిపి అంటించాను.