ఎటూ పోని సడక్

కాగితాల్లో అతని పేరు హానిగన్,
ఐర్లాండు మనిషి, ఇంజినీర్ల పటాలంలో కెప్టెన్.
రేగొండ వైపు ముసలివాళ్ల నోట మాత్రం
అన్నెగాని దొర.
పేరులోంచి హానిని
ఎవరు ఎప్పుడు గిల్లి పారేశారో తెలియదు.

బైపాస్ కొలతలకొచ్చి
పత్తి చేలో దీన్ని చూశాను.
డంగు సున్నంతో కట్టిన రాతి కల్వర్టు,
మూడు కమానులు.
కింద వాగు లేదు, పైన బాట లేదు.
నడిమి కమాను నీడలో మేకల పిలగాడొకడు
ఫోన్ గుండెల మీద పెట్టుకుని నిద్రపోతున్నాడు.

రికార్డు గదిలో దొర కొలువంతా అరపేజీ:
బొల్లారంలో బారకులు,
గోదారి ఒడ్డున రెండు జ్వరాలు,
ఒక తూము మరమ్మతు,
నిజాం సర్కారుకు ఎరువిచ్చిన అధికారి,
ధాత కరువులో పరకాల నుంచి తూర్పుకు
పదకొండు మైళ్ల సడక్.
'ఎక్కడికి' అన్న గడిలో
ఒక అడ్డగీత.

మిగతాది లసుమవ్వ చెప్పింది.
వాళ్ల తాతమ్మ ఆ సడక్ మీద మొరం మోసిందట.
"గంపకో గవ్వ, బిడ్డా.
పొద్దుమీకితే గవ్వలు లెక్కవెట్టి గటక పోసేటోళ్లు.
దొర గంజుల వేలు ముంచి నాకి చూసేటోడు,
పల్చగుంటే మేట్‌కు మూడినట్టే.
వంటోడు ఆలుగడ్డ తెస్తే
కోసి, నడుమ నలుపుందా అని చూసి
అవతల పెట్టేటోడట. తిననే తినకపోయేది."

దుబాసీ బక్కన్న చెప్పిన మాట ఇంకోటుంది
(దుబాసీలు కాస్త కలుపుతారు):
దొర చిన్ననాడు వాళ్ల దేశంలోనూ కరువు,
ఊరికే పెడితే సోమరులవుతారని
బురదలో మొదలై బురదలో ఆగే రోడ్లు.
తండ్రి హాజరు పిలిచేవాడు,
పన్నెండేళ్ల కొడుకు పక్కన సిరాబుడ్డి పట్టుకునేవాడు.
నిన్న పలికిన పేరు ఇవాళ పలకకపోతే
తండ్రి ఆగేవాడు కాదట,
కింది పేరుకు పోయేవాడు.

ఇక్కడ పని ఆపమని హుకుం వచ్చిననాడు
కెప్టెన్ జవాబు రాశాడు:
'అడ్డంగా పెద్ద వాగు ఉంది, కమానులు తప్పవు.'
రాయి చెక్కాలి, సున్నం కాల్చాలి, గానుగ తిప్పాలి.
నలభై రెండు రోజుల గటక.
పై దొరలు పటం పరిచి వెతికారు,
వాగు దొరకలేదు.
ఆ తర్వాత అతని పేరు ముందు
కెప్టెన్ అన్న మాట ఎన్నడూ మారలేదు.

పుణ్యాత్ముడని రాయలేను.
అతని హాజరు పుస్తకమూ చూశాను,
పేజీల నిండా 'గైర్‌హాజర్',
ఒక్క చోటా వణకని దస్తూరి.

నా ఫారంలో ఒక గడి మిగిలింది:
'ప్రవాహం, ఉంటే పరిమాణం.'
పెన్ను మూత తీశాను.
పిలగాడు లేచి కళ్లు నులుముకున్నాడు.
"కూలగొడ్తరా సార్?
మరి మేకలు ఎండకు యాడ పండాలె?"